దొరికిన సంగతి రాయవచ్చు, దొరికిన చోటు రాయకూడదు

ప్రశ్న: మాది కావలి. బెంగళూరులో ఉద్యోగం చేస్తున్నాను. అక్కడ తోటి ఉద్యోగులతో కలిసి కొంతకాలంగా జియోకాషింగ్ అనే, ఫోన్ చూసి దాచిన పెట్టెలు వెదికే ఆట ఆడుతున్నాను. సంక్రాంతి సెలవులకు వచ్చినప్పుడు మైపాడు వైపు సముద్రం ఒడ్డున సరుగుడు తోపులో ఒక పెట్టె ఉందని యాప్‌లో చూసి, మా పిన్ని పిల్లలతో వెళ్ళి వెదికి పట్టుకున్నాను. ఆ సంతోషంలో మొదటి నుంచి చివరి దాకా వీడియో తీసి, ‘మైపాడులో నిధి వేట’ అని పేరు పెట్టి ఇన్‌స్టాగ్రామ్‌లో రీల్‌గా వేశాను, బంధువుల వాట్సాప్ గ్రూపులోనూ పంచాను. కొద్ది రోజులకు ఆ పెట్టె దాచినాయన సందేశం పంపి రీల్ తీసేయమన్నారు. పెట్టె ఇప్పుడు అక్కడ లేదని కూడా రాశారు. నా రీల్ వల్లే పోయిందని ఎలా అనగలరు? సముద్రం ఒడ్డు అందరిదీ, వీడియో నాదీ కదా? ఇంకో సంగతి. ఒంగోలు దగ్గర ఒక పెట్టె ఎంత వెదికినా దొరకలేదు. దొరకలేదని రాయడం నామోషీగా తోచి, అది పోయి ఉంటుందనుకుని నేనే ఒక డబ్బా పెట్టి, ‘దొరికింది’ అని నమోదు చేశాను. దాన్ని వేరొకరు తప్పుపట్టారు. ప్రతి పెట్టెకూ TFTC అని అవే నాలుగు ఆంగ్లాక్షరాలు రాసి ఊరుకుంటానని కూడా ఎత్తిచూపారు. మా అమ్మమ్మగారి ఊరు ఉదయగిరి దగ్గర. అక్కడ కోటలో నేనే ఒక పెట్టె దాచాలని ఉంది. ఎలా నడుచుకోవాలో చెప్పండి.
— ఒక పాఠకురాలు, కావలి

సమాధానం: అమ్మా, మీ ఉత్తరంలో ప్రశ్నలు చాలా ఉన్నా వాటి మూలం ఒక్కటే. ఈ ఆటలో మనం రాసే ప్రతి మాటా ఇద్దరిని ఉద్దేశించినది: ఒకరు ఆ పెట్టెను దాచినవారు, రెండోవారు మన తర్వాత దాన్ని వెదకడానికి రాబోయేవారు. మీ రీల్ ఆ ఇద్దరి కోసమూ తీసినది కాదు. ఆట ఆడనివారు చూసి మెచ్చుకోవడానికి తీసినది. అందుచేత ముందుగా చేయవలసిన పని చెప్పి, కారణాలు తర్వాత తీరికగా వివరిస్తాను. ఈ సమాధానం చదివిన వెంటనే ఆ రీల్ తీసేయండి. వాట్సాప్‌లో అందరి దగ్గర నుంచీ తొలగించే గడువు ఈపాటికి దాటిపోయి ఉంటుంది కనుక, ఆ వీడియోను ఇంకెవరికీ పంపవద్దని బంధువులను మర్యాదగా అడగండి.

ఈ ఆట ఎరగని పాఠకుల కోసం కొంత చెప్పాలి. ఒకరు ఒక చిన్న డబ్బాలో కాగితాల పుస్తకం ఉంచి, దాన్ని ఎక్కడో దాచి, ఆ చోటి అక్షాంశ రేఖాంశాలను ఇంటర్నెట్‌లో ప్రకటిస్తారు. మిగిలినవారు జీపీఎస్ సాయంతో అక్కడికి చేరి, వెదికి, పుస్తకంలో సంతకం చేసి, డబ్బాను తీసిన చోటే తీసినట్టుగా పెట్టి, ఇంటికి వచ్చాక ఆ పెట్టె పేజీలో తమ అనుభవాన్ని లాగ్‌గా రాస్తారు. అమెరికా ప్రభుత్వం సామాన్యులకు అందే జీపీఎస్ సంకేతాల్లో కావాలని కలుపుతూ వచ్చిన తేడాను 2000 మే నెల మొదట్లో ఎత్తివేసింది, దాంతో స్థానం మరింత కచ్చితంగా తెలియసాగింది. ఆ వెంటనే, మే 3న, ఒరెగాన్ రాష్ట్రంలో డేవ్ అల్మర్ అనే ఆయన కొన్ని వస్తువులతో ఒక డబ్బాను దాచి, దాని స్థానాన్ని జీపీఎస్ గురించి మాట్లాడుకునే ఒక యూజ్‌నెట్ బృందంలో, అంటే ఆనాటి ఇంటర్నెట్ చర్చా వేదికలో, ప్రకటించారు. కొద్ది రోజులలోనే మైక్ టీగ్ అనే ఆయన దాన్ని కనుక్కుని, కనుక్కున్న సంగతిని ఇంటర్నెట్‌లో రాశారు. అంటే రాయడం ఈ ఆటకు తర్వాత అతికించిన తోక కాదు. ఒకరు రాసిన అంకెలతో ఆట మొదలైంది, ఇంకొకరు రాసిన జవాబుతో నిలబడింది. కాబట్టి ‘ఎందుకొచ్చిన గొడవ, ఇక ఏమీ రాయను’ అని మీరు అనుకుంటే అదీ తప్పే అవుతుంది.

సముద్రం ఒడ్డు అందరిదీ అన్నారు, వీడియో మీది అన్నారు. రెండూ నిజమే. కానీ ఆయన అడిగింది ఆ రెండింటి గురించీ కాదు. ఆ తోపులో ఆయన దాచినది ఒక ప్లాస్టిక్ డబ్బా మాత్రమే అయితే మీరు తీసుకున్నది ఏమీ లేదు, ఎందుకంటే డబ్బాను తిరిగి పెట్టేశారు. ఆయన నిజంగా దాచినది వెదుకులాట. ఏ మాను మొదట్లో చేయి పెట్టాలి, ఏ ఎండుటాకుల కుప్ప మరీ పొందికగా కనబడుతోంది, జీపీఎస్ ముల్లు ఇక్కడే ఎందుకు ఊగిసలాడుతోంది అని మీరూ మీ పిన్ని పిల్లలూ తర్కించుకున్న ఆ కాసేపే ఈ ఆట మొత్తం. మీ రీల్ చూసి వెళ్ళినవారికి ఆ కాసేపు దక్కదు. ఇది అతి జాగ్రత్త అని మీకు తోస్తే, పెట్టెల పేజీలుండే ఈ ఆట వెబ్‌సైటు తానే ఎంత జాగ్రత్త పడుతుందో చూడండి. పెట్టె దాచినవారు ఇచ్చే చిన్న హింటును కూడా అది నేరుగా చూపదు. ఆంగ్ల అక్షరమాలలో ప్రతి అక్షరాన్నీ పదమూడు స్థానాలు జరిపి, చదవడానికి వీలుకాని రూపంలో ఉంచుతుంది, కావాలనుకున్నవారే విప్పుకుని చదువుకోవాలని. దాచినవారు స్వయంగా ఇచ్చిన హింటుకే అంత మరుగు ఉన్నప్పుడు, వెదికినవారు మొత్తం విప్పి పదిమందికీ చూపడం ఎలా సబబు అవుతుంది?

మన నెల్లూరులో బారాషహీద్ దర్గా దగ్గర స్వర్ణాల చెరువులో జరిగే రొట్టెల పండుగ మీకు తెలిసే ఉంటుంది. ఒక కోరిక కోరుకుని రొట్టె అందుకున్నవారు, అది తీరాక మరో ఏడు తామే రొట్టె తెచ్చి, అదే కోరికతో వచ్చినవారికి ఇస్తారు. అందుకున్నవారే ఇచ్చేవారు అవుతారు. ఈ ఆటలోనూ అంతే. డబ్బాలోని బొమ్మో నాణెమో తీసుకుంటే అంతకు తక్కువ కానిది అందులో వేయాలన్న నియమం పైకి కనిపించే భాగం. మీకు దక్కిన వెదుకులాటను మీ తర్వాతివారికి చెక్కుచెదరకుండా అందించడం అసలు భాగం.

ఇక పెట్టె మీ రీల్ వల్లే పోయిందా అన్న సంగతి. అది మీరూ చెప్పలేరు, ఆయనా చెప్పలేరు. సరుగుడు తోపుల్లో మేకలు మేపేవారు తిరుగుతారు, ఎండు పుల్లలు ఏరుకునేవారు తిరుగుతారు, చెట్లు కోతకు వచ్చినప్పుడు తోపే నేలమట్టమవుతుంది. పిల్లలకు దొరికినా పోవచ్చు. కానీ నిరూపణ అయితేనే రీల్ తీస్తాననడం ఈ విషయంలో పొసగదు. రీల్ వల్ల పెట్టె పోకపోయినా అది అక్కడి వెదుకులాటను చెడగొట్టింది, దాన్ని తొలగించడానికి ఆ కారణం ఒక్కటే చాలు. ఆయన సందేశాన్ని మళ్ళీ ఒకసారి చదవండి. రీల్ తీసేయమన్నారు, పెట్టె లేదని చెప్పారు. మీరు ఉత్తరంలో రాసినదాన్నిబట్టి చూస్తే, రెండింటినీ ముడిపెట్టి ఆయన మీ మీద నింద వేసినట్టు నాకు కనబడలేదు. తెరమీది అక్షరాలకు గొంతు ఉండదు. నొచ్చుకుని ఉన్నప్పుడు మనమే వాటికి ఒక గొంతు తగిలించుకుంటాము.

ఆయనకు ఇలా జవాబు రాయండి: ‘నమస్కారమండీ. రీల్ తీసేశాను. వాట్సాప్‌లో పంపిన చోట కూడా ఎవరికీ పంపవద్దని చెప్పాను. నేను మళ్ళీ ఊరికి వచ్చినప్పుడు కొత్త డబ్బా గాని, పుస్తకం గాని తెచ్చి మీరు చెప్పిన చోట పెట్టగలను, మీకు అభ్యంతరం లేకపోతే చెప్పండి.’ ఇంతకు మించి అక్కర లేదు. ఎందుకు పెట్టారో, ఎంతమంది చూశారో, ఇంకెవరు ఇలాంటివి పెడుతున్నారో వివరించబోకండి. ఈ జవాబును కూడా పెట్టె పేజీలో కాక, ఆయన సందేశం పంపిన దారిలోనే పంపండి. ఆయన ఏకాంతంలో చెప్పిన మాటకు నలుగురిలో జవాబు ఇవ్వడం, ఆ జవాబు ఎంత మెత్తనిదైనా, మర్యాద కాదు.

రీల్ పేరు గురించి వేరుగా చెప్పాలి, ఎందుకంటే నన్ను ఎక్కువ కలవరపెట్టింది అదే. ‘నిధి వేట’ అన్న మాట మన జిల్లాల్లో ఆటమాటగా చెల్లదు. పాడుబడిన గుళ్ళలో, కోటల్లో గుప్తనిధుల కోసం రాత్రిపూట తవ్వేవారి వార్తలు మనం తరచూ చదువుతూనే ఉన్నాము. విగ్రహాల పీఠాలు పెకలించినవీ, నందుల పొట్టలు పగలగొట్టినవీ కూడా చూశాము. ఫలానా తోపులో ఏదో దాచి ఉందని, వీడియోలో చేతులు పెట్టి వెదికి చూపి, దానికి నిధి అని పేరు పెడితే, అది చూసినవారిలో ఒక్కరైనా గునపం పట్టుకుని రారన్న నమ్మకం ఏమిటి? తీరం సంగతి ఇంకా సున్నితమైనది. కృష్ణపట్నం రేవు, అక్కడి విద్యుత్ కేంద్రాలు, కిందికి వెళ్తే శ్రీహరికోట ఉన్న ఈ తీరంలో మెరైన్ పోలీసుల నిఘా ఉంటుంది, పాలేలలోని మత్స్యకారులు కూడా కొత్త మనుషులను గమనిస్తూనే ఉంటారు. ఒకరు పొదలో డబ్బా పెట్టడం వీడియోలో కనబడితే చూసినవారు భయపడటంలో వింత లేదు. ఇంగ్లండ్‌లో వెదర్‌బీ అనే పట్టణంలో 2011లో ఇలాంటి ఒక పెట్టెను ఎవరో దాచడం చూసి బాంబు అనుకుని కబురు పెట్టగా, సైన్యం నిపుణులు వచ్చి దాన్ని పేల్చివేశారు. ఆట బాగా తెలిసిన దేశంలోనే అలా జరిగింది. అందుకే డబ్బా మీద అది ఏమిటో స్పష్టంగా రాసి ఉండాలంటారు. మన దగ్గర ఆ రాత తెలుగులోనూ ఉండి తీరాలి. వెదుకుతుండగా ఎవరైనా పెద్దాయన వచ్చి ‘ఏంది పాపా, ఏం పడేసుకున్నావు?’ అని అడిగితే తడబడి అబద్ధం చెప్పకండి. ఇది ఫోన్ చూసి డబ్బా వెదికే ఆట అని ఉన్నది ఉన్నట్టు చెప్పి, వారు వద్దంటే ఆ పూటకు లేచి రావడమే ఉత్తమం.

ఇవన్నీ విని, ఫొటోలే పెట్టకూడదా అని అడుగుతారేమో. తప్పకుండా పెట్టవచ్చు, పెట్టాలి కూడా. తోపు దాటి ఇసుక మీదికి రాగానే కనబడిన సముద్రం, నడిచిన బాట, మీ పిన్ని పిల్లల అలసిన ముఖాలు ఎవరి వెదుకులాటనూ చెడగొట్టవు. పెట్టె దాచినవారికి అవి ఎంతో ఇష్టం, ఎందుకంటే ఆ చోటు బాగుంటుందనే కదా వారు దాన్ని ఎంచుకున్నది. ఫొటో పెట్టే ముందు దాని వెనుక ఏముందో ఒకసారి చూసుకోండి. గుర్తుపట్టదగిన వంకర మానో, కిలోమీటరు రాయో, పెట్టె మూతో అందులో పడితే, ఆ భాగాన్ని కత్తిరించండి. ఫోన్లో లొకేషన్ అనుమతి ఉంటే ఫొటో ఫైలులోనే తీసిన చోటి అంకెలు దాగి ఉంటాయి. వాట్సాప్‌లో మామూలుగా పంపే ఫొటో నుంచి అవి తొలగిపోతాయి గాని, నాణ్యత తగ్గకూడదని డాక్యుమెంటుగా పంపితే అలాగే వెళ్తాయి. డబ్బాలో కొన్నిసార్లు లోహపు బిళ్ళ కట్టిన చిన్న వస్తువులు ఉంటాయి, వాటిని ట్రావెల్ బగ్ అంటారు. ఒక పెట్టె నుంచి ఇంకో పెట్టెకు చేతులు మారుతూ దేశాలు తిరిగే ఆ వస్తువు మీది గుర్తింపు అక్షరాలు, దాన్ని చేతిలో పట్టుకున్నవారికి మాత్రమే తెలియవలసినవి. ఆ అక్షరాలు కనబడేలా ఫొటో పెడితే ఎక్కడెక్కడివారో దాన్ని చూసినట్టు దొంగ నమోదులు చేస్తారు, పంపిన మనిషికి ఆ ప్రయాణం మీద ఆసక్తే చచ్చిపోతుంది. ఫొటో మీద వేలు అడ్డం పెట్టి తీస్తే సరిపోయే పని ఇది.

మనుషుల ఫొటోల విషయంలో నేను మరీ పట్టుదలగా ఉంటాను. పట్టపుపాలెంలో వలలు బాగుచేసుకుంటున్నవారూ, ఇసుక మీద చేపలు ఎండబెట్టుకుంటున్న ఆడవారూ మీ ఆటకు వెనుక తెర కాదు. అడిగి, వారు సరేనంటేనే తీయండి, ఎక్కడ పెడతారో కూడా వారికి చెప్పండి. మీరు ఒంటరిగా వెళ్ళినప్పుడు మాత్రం చోటు విడిచి వచ్చేదాకా ఏ ఫొటోనూ, ఏ మాటనూ ఎక్కడా పెట్టవద్దు. ఆడపిల్ల నిర్జనమైన తోపులో ఒంటరిగా ఉందని ఆ క్షణంలో లోకానికి చెప్పవలసిన అవసరం ఏమీ లేదు. లాగ్ రాత్రికి రాసినా చెల్లుతుంది.

ఒంగోలు పెట్టె సంగతికి వద్దాము. ‘దొరకలేదు’ అని రాయడానికి మీరు నామోషీ పడ్డారు. ఆ లాగ్ దాచినవారికి ఎంత ఉపయోగమో తెలిస్తే అలా అనిపించి ఉండదు. పెట్టె ఉన్న చోటికి వారు రోజూ వెళ్ళలేరు. అనుభవమున్న ఇద్దరు ముగ్గురు వరుసగా దొరకలేదని రాస్తే, వెళ్ళి చూడాలని వారికి తెలుస్తుంది. వెళ్ళాలా వద్దా అని ఆలోచించే తర్వాతివారికీ తెలుస్తుంది. అందరూ సిగ్గుపడి ఊరుకుంటే, లేని పెట్టె కోసం ఎవరో చీరాల నుంచో మార్కాపురం నుంచో పెట్రోలు పోసుకుని వస్తారు. దొరకలేదన్నది మీ చూపు మీద తీర్పు కాదు, ఆ చోటు గురించిన సమాచారం. ‘ఆదివారం పొద్దున వెళ్ళాము, గంటసేపు వెదికాము, కట్ట పక్కన కొత్తగా మట్టి తోలినట్టుంది, మాకు దొరకలేదు’ అని రాస్తే అందులో దాచినవారికి కావలసినదంతా ఉంది.

అయితే దొరకలేదని రాసే ముందు మీ అంకెలు సరిచూసుకోండి. ఈ ఆటలో స్థానాన్ని డిగ్రీలు, నిమిషాలు, నిమిషంలో వెయ్యో వంతులుగా రాస్తారు. మామూలు మ్యాపుల్లో డిగ్రీలను దశాంశాల్లో రాయడం ఎక్కువ. ఉత్తర అక్షాంశం 15 డిగ్రీల 30.250 నిమిషాలు అన్నదాన్ని 15.30250 డిగ్రీలని మ్యాపులో కొట్టినవారు, వెళ్ళవలసిన చోటికి దాదాపు 22 కిలోమీటర్లు దక్షిణాన తేలుతారు. అది నిజానికి 15.50417 డిగ్రీలు. సరిగ్గా చేరినా, ఫోను ఆరుబయట కూడా కొన్ని మీటర్లు అటూ ఇటూ చూపుతుంది, దట్టమైన తోపులో ఇంకా ఎక్కువ. నిమిషంలో వెయ్యో వంతు అంటే ఉత్తర దక్షిణాలుగా రెండు మీటర్లకు కొంచెం తక్కువ కనుక, చివరి అంకెను పట్టుకుని ఒకే రాయి చుట్టూ తిరగడం వల్ల లాభం లేదు, చుట్టూ పది అడుగులు విడిచి చూడాలి.

మీరు బదులుగా డబ్బా పెట్టడం సాయమని అనుకున్నారు, కానీ దానివల్ల జరిగింది వేరు. అసలు పెట్టె అక్కడే ఉండి ఉంటే ఇప్పుడు రెండు పెట్టెలున్నాయి. మీ డబ్బాను పట్టుకున్నవారికి అసలుది దొరికిందో లేదో తెలియదు, పెట్టె దాచినవారు తీర్చిదిద్దిన మరుగు స్థానంలో మీరు హడావుడిగా ఎంచుకున్న చోటు వచ్చి కూర్చుంది, మీరు అడగకుండా పెట్టినదాన్ని కాపాడే బాధ్యత వారి మీద పడింది. పైగా ‘దొరికింది’ అన్న మీ లాగ్ చూసి పెట్టె క్షేమంగా ఉందని వారు నమ్మారు. దొరకడం అంటే పెట్టెలోని పుస్తకంలో మీ పేరు ఉండటం. అది లేకపోతే ఆ లాగ్‌ను తొలగించే హక్కు దాచినవారికి ఉంది. మీ డబ్బాలో మీరు పెట్టిన కాగితం మీద మీ పేరు మీరే రాసుకోవడం ఆ లెక్కలోకి రాదు. దాచినవారి అనుమతి ముందుగా అడిగి, వారు సరేనన్నాక తడిసిన పుస్తకం మార్చడమో, పగిలిన డబ్బా బదులు కొత్తది పెట్టడమో చేస్తే అది నిజమైన సాయం, అందరూ మెచ్చుకునేది. అడగకుండా చేస్తే అదే పని జోక్యం అవుతుంది. దిద్దుకోవడం కష్టమేమీ కాదు. ఆ లాగ్‌ను ‘దొరకలేదు’గా మార్చండి. డబ్బా ఎక్కడ పెట్టారో దాచినవారికి సందేశంలో, పేజీలో కాదు, చెప్పండి. ఒంగోలు వెళ్ళినప్పుడు దాన్ని తీసేస్తాననీ చెప్పండి. మీ లెక్కలో ఒక పెట్టె తగ్గుతుంది, తగ్గనివ్వండి.

నాలుగు అక్షరాల విషయంలో మిమ్మల్ని తప్పుపట్టినవారి మాట తీరు నాకు తెలియదు గాని, మాట నిజమే. పెట్టె ఇచ్చినందుకు కృతజ్ఞతలు అని చెప్పే ఆ ఆంగ్ల సంక్షిప్తం చెడ్డది కాదు. రోడ్డు పక్క స్తంభానికి అంటించిన గోరంత డబ్బాకు అది చాలునేమో కూడా. కానీ ఒకరు వర్షానికి తడవని డబ్బా కొని, చోటు వెదికి, అడిగి అనుమతి తెచ్చుకుని, పేజీలో ఆ ప్రాంతం కథ రాసి పెడితే, వారికి దక్కే ప్రతిఫలం మన లాగ్ ఒక్కటే. ఈ ఆటలో వారికి డబ్బు రాదు, బహుమతి రాదు. వచ్చినవారు ఏం చూశారో, ఎక్కడ తడబడ్డారో, పిల్లలు ఏమన్నారో చదువుకోవాలని వారు ఎదురుచూస్తారు. పెద్ద వ్యాసం అక్కరలేదు, మూడు వాక్యాలు చాలు, అవి ఆ పెట్టెకే చెందినవై ఉండాలి. ఒకే రోజు పది పెట్టెలు చూసి పదింటికీ ఒకే పేరా అతికించడం కంటే, నచ్చిన రెండింటికి శ్రద్ధగా రాసి మిగిలినవాటికి ఒక్కొక్క వాక్యం రాయడం మేలు.

మీ మైపాడు లాగ్‌నే తీసుకోండి, దాన్ని ఇలా రాయవచ్చు: ‘సంక్రాంతికి ఊరికి వచ్చి, మా పిన్ని పిల్లలతో వెళ్ళాను. మొదట జీపీఎస్ మమ్మల్ని తోపుకు అవతలి వైపు తిప్పింది. చివరకు మాలో అందరికంటే చిన్నవాడికే కనబడింది, ఇంటికి చేరేదాకా వాడి గొప్పలు ఆగలేదు. పుస్తకం పొడిగా ఉంది, ఇంకా చాలా పేజీలు ఉన్నాయి. ఇంత మంచి చోటికి రప్పించినందుకు ధన్యవాదాలు.’ ఇందులో చోటు బయటపడలేదు, పెట్టె పరిస్థితి తెలిసింది, దాచినాయనకు చదువుకోవడానికి ఒక కథ ఉంది. తెలుగులో రాయడానికి సంకోచించకండి. మన పెట్టెల పేజీల్లో మన భాష కనబడాలి. బయటి రాష్ట్రాలవారు వచ్చే చోటైతే పుస్తకం తడిసింది, మూత పగిలింది వంటి పనికి సంబంధించిన వాక్యాన్ని ఇంగ్లీషులో కూడా ఒకసారి రాయండి. పెట్టె నచ్చకపోతే వెక్కిరింపు రాయకండి. డబ్బా పగిలిందన్న వాస్తవాన్ని, దాచినవారి దృష్టికి పంపడానికి ఉన్న ప్రత్యేకమైన లాగ్‌లో నమోదు చేయండి. చోటు ప్రమాదకరంగా ఉంటే నేరుగా వారికి రాయండి.

చివరగా ఉదయగిరి. 1514లో శ్రీకృష్ణదేవరాయలు గజపతుల నుంచి గెలుచుకున్న ఆ కోట మీద మీకు మమకారం ఉండటం సహజమే, నలుగురినీ అక్కడికి రప్పించాలన్న మీ కోరికా మంచిదే. కానీ కోటలో పెట్టె పెట్టవద్దని గట్టిగా చెబుతున్నాను. పాత కట్టడాల రాళ్ళ సందుల్లో వెదికేవారు, ఎంత జాగ్రత్త ఉన్నవారైనా, రాళ్ళు కదుపుతారు. పైన చెప్పిన గుప్తనిధుల బెడద ఉండనే ఉంది. కోటలో ఏదో దాచారన్న మాట ఊళ్ళో ఒక్కసారి పుట్టిందంటే దాన్ని మీరు ఆపలేరు. కొండ మీది అటవీ భూముల్లో తిరగడానికి అటవీశాఖ అనుమతి కావాలి. అందుకు బదులు మీ అమ్మమ్మగారి ఊళ్ళోనే, కొండ చక్కగా కనబడే చోట, మీవారి పొలం గట్టు మీదనో, పెద్దలు సరేనన్న రచ్చబండ చెట్టు దగ్గరో పెట్టండి. కోట కథను పెట్టె పేజీలో రాయండి. వచ్చినవారు పెట్టెను ఊళ్ళో చూసుకుని, కోటను ఖాళీ చేతులతో చూసి వస్తారు. సోమశిల ఆనకట్ట, బడులు, గుడి ప్రాకారాలు, రైలు పట్టాలు కూడా పెట్టెలకు తగిన చోట్లు కావు. స్థలం యజమాని అనుమతి లేకుండా గుంత తవ్వి పాతిపెట్టడం నియమాలకు విరుద్ధం. ఇంకొకరి పెట్టెకు 161 మీటర్ల లోపు పెట్టరాదు. తినే వస్తువులు వేస్తే చీమలు, కుక్కలు, కోతులు మనుషులకంటే ముందు పట్టుకుంటాయి.

డబ్బాయే అక్కరలేని రకం కూడా ఒకటుంది, ఎర్త్‌కాష్ అంటారు. భూమి నిర్మాణానికి సంబంధించిన ఒక విశేషం దగ్గరికి మనుషులను రప్పించి, అక్కడ చూస్తేనే చెప్పగలిగే ప్రశ్నలు అడుగుతారు. బంగారు చుక్కలు మెరిసే చీమకుర్తి నల్లరాయి గురించి అలాంటిది ఒకటి చేయవచ్చునని నాకు ఎప్పటినుంచో ఆశ. గనుల్లోకి వెళ్ళనక్కరలేదు, నునుపు పట్టిన ఆ రాయి అందరూ నడిచే చోట పరిచి ఉన్నా చాలు. ఇలాంటివాటికి జవాబులను పేజీలో రాయకూడదు, దాచినవారికే పంపాలి. రీల్ గురించి మీకు చెప్పిన మాటే ఇక్కడా వర్తిస్తుంది.

బెంగళూరులో ఉంటూ ఉదయగిరి దగ్గర పెట్టె పెడితే దాన్ని ఎవరు చూసుకుంటారని వెబ్‌సైటు తరఫున పరిశీలించేవారు అడుగుతారు, అడగాలి కూడా. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా మన వైపు వాయుగుండాలు ఊరుకోవు. 2021 నవంబరులో పెన్నా వరద నెల్లూరు పక్కన జాతీయ రహదారినే కోసేసిందని మరచిపోకండి. వాగుల ఒడ్డున గాని, చెరువు కలుజు దగ్గర గాని పెట్టకుండా, రబ్బరు అంచున్న గట్టి మూత డబ్బా వాడి, పుస్తకాన్ని జిప్ కవరులో వేసి, ఊళ్ళోనే ఉండే మీ మేనమామగారికో వారి పిల్లలకో సంగతంతా చెప్పి ఒప్పించాకే పేజీ తెరవండి. హింటు తెలుగులో ఇవ్వదలిస్తే ఒక చిక్కు ఉంది. అక్షరాలు జరిపే ఆ మరుగు ఆంగ్ల లిపికే పనిచేస్తుంది, తెలుగు లిపిలో రాసినది మారకుండా నేరుగా కనబడిపోతుంది. తెలుగు మాటలనే ఆంగ్ల లిపిలో రాస్తే ఆ చిక్కు తీరుతుంది. పేజీ తెరిచాక ఎవరైనా ‘దొరకలేదు’ అని రాస్తే చిన్నబుచ్చుకోకుండా వారికి ధన్యవాదాలు చెప్పండి. ఆ వారంలోనే మేనమామగారి చేత చూపించి, పెట్టె ఉందో లేదో మాత్రం అదే పేజీలో ఒక వాక్యం రాయండి. ఎక్కడుందో రాయనక్కరలేదు.